మన పాలకవర్గాన్ని ఎవరు తీసేయగలరు?



పోయిన సర్వసభ్య సమావేశంలో ఆడిట్ నివేదిక చదవడం అయిపోయాక మాణికేశ్వరినగర్ సంఘం చెల్లె ఒకామె లేచి ఒక ప్రశ్న అడిగింది. "అక్కా, మనం ఓట్లేసి పాలకవర్గాన్ని పెట్టుకుంటున్నం గదా. రేపు ఎవరన్న ఆఫీసరు ఒక కాగితం పట్టుకొచ్చి, మీరందరు దిగిపోండ్రి, ఇగ నుంచి లెక్కలు నేను చూస్తా అంటే ఏం జేస్తం? అట్ల అనొచ్చునా?"

కొందరు నవ్వారు. "మనల్ని ఎవరు తీసేస్తరే" అని ఒక పెద్దమ్మ అన్నది. కానీ ఆ ప్రశ్నకు సరైన జవాబు వేదిక మీదున్న ఏ ఒక్కరి దగ్గరా లేదు. సమాఖ్య లెక్కలు రాసే నా దగ్గర కూడా లేదు. అది నాకు సిగ్గుగా అనిపించింది. రోజూ చేతుల మీదుగా సభ్యుల డబ్బు పోతుంది, వస్తుంది. ఆ డబ్బు మీద చివరి మాట ఎవరిదో తెలియకుండా లెక్క రాస్తే ఏం లాభం?

అందుకని ఇద్దరు ఆఫీస్ బేరర్లం కలిసి తార్నాక నుంచి ఉస్మానియా క్యాంపస్‌లోని లా కాలేజీకి వెళ్లాం. అక్కడి వాళ్లు ఓపికగా చెప్పారు, చదువుకోమని కాగితాలు ఇచ్చారు. చదివింది, విన్నది కలిపి మనకు అర్థమయ్యే మాటల్లో ఇక్కడ రాస్తున్నాను. కొంచెం పొడుగైంది. సంఘం మీటింగులో ఒకరు చదివితే మిగతావాళ్లు వింటే సరిపోతుంది.

ఇచ్చినవాడిదే పెత్తనం

మనం నడిచే ఆ క్యాంపస్ నేల కథతోనే మొదలుపెడతాను. ఉస్మానియా యూనివర్సిటీ 1918లో మొదలైంది. ఆర్ట్స్ కాలేజీ రాతి భవనం 1939లో తెరిచారు. అంతకు ముందు అడిక్‌మెట్ వైపు ఈ నేల మహ లఖా బాయి చందా జాగీరులోది అని చెబుతారు. ఆమె ఉర్దూ కవయిత్రి. 1824లో చనిపోయింది. నిజాం దర్బారులో పలుకుబడి ఉన్న ఆడమనిషి. అంతటి ఆమెకైనా జాగీరు అంటే ప్రభువు దయ. ప్రభువు ఇచ్చింది ప్రభువు వెనక్కి తీసుకోవచ్చు. 1949లో హైదరాబాద్ సంస్థానంలో జాగీర్లన్నీ రద్దయ్యాయి.

సహకార సంఘం జాగీరు కాదు. పది మంది తమ చెమట డబ్బు కలిపి పెట్టుకున్నది. అయినా మన దేశంలో చాలా ఏళ్లు సర్కారు దాన్ని జాగీరులాగే చూసింది. ఎందుకట్ల జరిగిందో తెలుసుకుంటే మిగతాదంతా తేలిగ్గా అర్థమవుతుంది.

షావుకార్ల వడ్డీ కింద రైతులు నలిగిపోతున్నారని 1890లలో మద్రాసు ప్రభుత్వం ఫ్రెడరిక్ నికల్సన్ అనే అధికారిని యూరప్ పంపి, అక్కడి పరపతి సంఘాల మీద నివేదిక రాయించింది. 1904లో దేశంలో మొదటి సహకార పరపతి సంఘాల చట్టం వచ్చింది. 1912లో దాన్ని పెంచి రాశారు. సంఘాలు కలిసి సమాఖ్యలు పెట్టుకోవచ్చని అప్పుడే వచ్చింది. నిజాం రాజ్యంలో 1914లో సహకార చట్టం చేశారు.

ఈ చట్టాలన్నిట్లో నడిమధ్య కూర్చున్నది రిజిస్ట్రార్. సంఘాన్ని పుట్టించేది ఆయన, లెక్కలు చూసేది ఆయన, తగాదా తీర్చేది ఆయన, చివరికి మూసేసేది కూడా ఆయనే. జనానికి చదువు రాదు, వాళ్లకు నడుపుకోవడం నేర్పాలి, నేర్చుకున్నాక మనం తప్పుకోవాలి అన్నది మొదట చెప్పిన మాట. తప్పుకోవడం మాత్రం జరగలేదు.

స్వాతంత్ర్యం వచ్చాక ఇంకో మెలిక పడింది. గ్రామీణ పరపతి మీద రిజర్వు బ్యాంకు వేసిన గోర్వాలా కమిటీ 1954లో నివేదిక ఇచ్చింది. రైతుల అప్పులో సహకార సంఘాల వంతు చాలా తక్కువగా ఉందని, అవి బలపడాలంటే ప్రభుత్వం వాటాధనం పెట్టాలని చెప్పింది. ప్రభుత్వం వాటాదారు అయింది. వాటా పెట్టినవాడు తన మనుషులను పాలకవర్గంలో నామినేట్ చేశాడు. తరువాత మేనేజరును పంపాడు. ఆ తరువాత పాలకవర్గాన్నే తీసేయడం మొదలుపెట్టాడు. వాటాధనం వెంట పెత్తనం వచ్చింది.

1964 చట్టం, పర్సన్ ఇన్‌చార్జి రోజులు

ఆంధ్రప్రదేశ్ సహకార సంఘాల చట్టం 1964లో వచ్చింది. దాని 34వ సెక్షన్ కింద, పాలకవర్గం సరిగా పనిచేయడం లేదనో, చట్టం ప్రకారం ఇచ్చిన ఆదేశాలు కావాలని పాటించడం లేదనో రిజిస్ట్రార్‌కు అనిపిస్తే దాన్ని రద్దు చేసి ప్రత్యేకాధికారిని పెట్టవచ్చు. కాకపోతే ముందుగా నోటీసు ఇవ్వాలి, పాలకవర్గం చెప్పుకునేది వినాలి.

రద్దు చేయకుండా కూడా పాలకవర్గాన్ని లేకుండా చేయవచ్చు. పదవీకాలం అయిపోయేదాకా ఊరుకుని, ఎన్నికలు వాయిదా వేసి, పర్సన్ ఇన్‌చార్జిని పెడితే చాలు. మన దగ్గర ప్రాథమిక వ్యవసాయ సంఘాల్లో పెద్దవాళ్లను అడిగితే ఆ రోజులు చెబుతారు. పక్కనున్న తమిళనాడులో ఇది ఇంకా ముదిరింది. 1976లో ప్రత్యేక చట్టం చేసి సహకార సంఘాలను ప్రత్యేకాధికారుల చేతిలో పెట్టారు. మళ్లీ ఎన్నికలు జరిగింది 1996లో. ఇరవై ఏళ్లు! ఓటు వేయకుండానే ఒక తరం సభ్యులు ముసలివాళ్లయ్యారు.

కోర్టులు మెల్లమెల్లగా కొన్ని హద్దులు గీశాయి. ఒక ముఖ్యమైన తీర్పు సహకార సంఘానిది కాదు గానీ మనకు పనికొచ్చేది. 1980లో న్యూఢిల్లీ మునిసిపల్ కమిటీని ప్రభుత్వం రద్దు చేసింది. వాళ్లకు ఒక్క మాట చెప్పుకునే అవకాశం ఇవ్వలేదు. ఆ కేసులో సుప్రీంకోర్టు తీర్పు రాసింది మన తెలుగువాడైన జస్టిస్ ఒ. చిన్నప్పరెడ్డి. పదవిలో ఉన్న కమిటీని తీసేయడం చిన్న సంగతి కాదు, ఆరోపణ ఏమిటో చెప్పి, జవాబు విన్నాకే చేయాలి అని ఆ తీర్పు సారాంశం. విన్నా ఫలితం మారేది కాదు గదా అని అధికారి తప్పించుకోవడం కుదరదని కూడా అందులో ఉంది.

ఇంకో పక్క కూడా చెప్పాలి. 1985లో పంజాబ్ సంఘాల కేసులో సుప్రీంకోర్టు, చట్టం కింద రిజిస్టరైన సంఘం ఆ చట్టానికి లోబడి ఉండాల్సిందే అన్నది. అంటే సంఘం మాది కాబట్టి మా ఇష్టం అనడానికి లేదు. ఏ చట్టం కింద పేరు రాయించుకున్నామో ఆ చట్టం మనల్ని కట్టేస్తుంది. కాబట్టి ఏ చట్టం అన్నదే అసలు ప్రశ్న.

1995లో తెరుచుకున్న తలుపు

1990 ప్రాంతంలో చౌధరి బ్రహ్మప్రకాశ్ అధ్యక్షతన కేంద్రం వేసిన కమిటీ ఒక నమూనా సహకార చట్టం రాసింది. ప్రభుత్వ డబ్బు తీసుకోని సంఘాల మీద ప్రభుత్వ పెత్తనం ఉండకూడదు అన్నది దాని మూల సూత్రం. హైదరాబాద్‌లో పనిచేసే సహకార అభివృద్ధి ఫౌండేషన్ వాళ్లు ఇదే మాట ఏళ్ల తరబడి చెప్పారు. వరంగల్, కరీంనగర్ పల్లెల్లో మహిళా పొదుపు సంఘాలు పెట్టించి, ఆడవాళ్లు తమ లెక్క తాము నడుపుకోగలరని చూపించారు.

1995లో ఆంధ్రప్రదేశ్ పరస్పర సహాయ సహకార సంఘాల చట్టం వచ్చింది. మనం మాక్స్ చట్టం అంటాం. ఇట్లాంటి చట్టం దేశంలో మొదట చేసింది మన రాష్ట్రమే. తరువాత కర్ణాటక, బీహార్ లాంటి రాష్ట్రాలు ఆ దారిలో నడిచాయి. తెలంగాణ వచ్చాక ఆ చట్టం మనకూ కొనసాగింది.

ఇందులో ప్రభుత్వ వాటాధనం ఉండదు. 1964 చట్టం కింద ఉన్న సంఘం ఇందులోకి రావాలంటే సర్కారు వాటా తిరిగి కట్టేయాలి. ఎన్నికలు జరిపే బాధ్యత పాలకవర్గానిదే, ఆడిట్ చేయించే బాధ్యతా దానిదే. పాలకవర్గాన్ని పెట్టేదీ తీసేదీ సర్వసభ్య సమావేశం. రిజిస్ట్రార్‌కు విచారణ జరిపించే అధికారం ఉంది, తగాదాలకు ట్రిబ్యునల్ ఉంది. కానీ 1964 చట్టంలోలాగా పాలకవర్గాన్ని రద్దు చేసి తన మనిషిని కుర్చీలో కూర్చోబెట్టే అధికారం లేదు. మన సమాఖ్య రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్ ఆఫీసు గోడ మీద ఫ్రేము కట్టి ఉంది. ఈసారి వచ్చినప్పుడు దగ్గరికి పోయి చదవండి. 1995 అని రాసి ఉంటుంది. ఆ చెల్లె అడిగిన ప్రశ్నకు సగం జవాబు ఆ ఫ్రేములోనే ఉంది.

పాల సంఘాల కేసు

అయితే చట్టాన్నే మార్చేస్తే? అదీ జరిగింది.

1995 తరువాత కొన్ని జిల్లాల పాల సంఘాలు కొత్త చట్టంలోకి మారాయి. 2006లో రాష్ట్ర ప్రభుత్వం చట్టాన్ని సవరించి, పాల సంఘాలను మాక్స్ చట్టం నుంచి బయటికి తీసింది. వాటిని మళ్లీ 1964 చట్టం కింద ఉన్నట్టే లెక్కవేయాలన్నది. అదీ వెనకటి తేదీ నుంచి! పదేళ్లుగా తమ సంఘం తాము నడుపుకుంటున్న పాడి రైతులు ఒక్క సవరణతో రిజిస్ట్రార్ చేతి కిందికి పోయారు. ఆ పాల కేంద్రాల ఆస్తులు ప్రజల సొమ్ముతో కట్టినవి గదా అన్నది ప్రభుత్వ వాదన.

సంఘాలు కోర్టుకు పోయాయి. హైకోర్టు సవరణను కొట్టేసింది. ప్రభుత్వ పక్షం సుప్రీంకోర్టుకు పోయింది. 2011 సెప్టెంబరు 2న జస్టిస్ సదాశివం, జస్టిస్ చౌహాన్ ఇద్దరూ హైకోర్టు చెప్పిందే నిజమన్నారు. రాజ్యాంగం 19వ అధికరణం ప్రతి పౌరుడికీ సంఘం పెట్టుకునే హక్కు ఇచ్చింది. సంఘం పెట్టుకోవడం అంటే పెట్టిన రోజుతో అయిపోయేది కాదు, ఎవరితో కలిసి, ఏ పద్ధతిలో పెట్టుకున్నామో ఆ పద్ధతిలో కొనసాగడం కూడా హక్కే. 1971లో హిందీ సాహిత్య సమ్మేళన్ కేసులో చెప్పిన ఈ మాటనే కోర్టు మళ్లీ చెప్పింది. ఇష్టపడి ఒక చట్టంలోకి వచ్చినవాళ్లను, పాల సంఘాలను మాత్రమే ఏరి, వెనకటి తేదీతో ఇంకో చట్టంలోకి తోయడం న్యాయం కాదన్నది.

ఆ కేసు గెలిచింది పాలు పోసే రైతులు. అందులో పేడ ఎత్తి, పాలు పితికే ఆడవాళ్లు ఎందరో! ఆ గెలుపు మనలాంటి సంఘాలకు కూడా గోడలా నిలబడింది.

బ్యాంకు సంగతి వేరు

ఇప్పుడు సహకార బ్యాంకుల సంగతి. ఇక్కడ రెండు చేతులు ఉంటాయి. సంఘంగా రిజిస్ట్రార్ కింద, బ్యాంకుగా రిజర్వు బ్యాంకు కింద. 1966 మార్చి 1 నుంచి సహకార బ్యాంకులకు కూడా బ్యాంకింగ్ నియంత్రణ చట్టం వర్తిస్తుంది.

మధ్యప్రదేశ్‌లోని పన్నాలో జిల్లా సహకార కేంద్ర బ్యాంకు ఉంది. 2007లో సభ్యులు ఎన్నుకున్న పాలకవర్గం దాన్ని నడుపుతోంది. 2009లో జాయింట్ రిజిస్ట్రార్ నోటీసు ఇచ్చారు. వాళ్లు సంజాయిషీ ఇచ్చుకున్నారు. అక్కడి చట్టం ప్రకారం సహకార బ్యాంకు పాలకవర్గాన్ని తీసేసే ముందు రిజర్వు బ్యాంకును సంప్రదించాలి. రిజర్వు బ్యాంకు పాలకవర్గం ఇచ్చిన జవాబు పంపమని అడిగింది. పంపలేదు. రెండేళ్లు గడిచాక, 2011లో పాలకవర్గాన్ని రద్దు చేశారు.

2013 మే నెలలో సుప్రీంకోర్టు ఆ రద్దు చెల్లదని తేల్చింది. సంప్రదించడం అంటే ఒక కాగితం పంపి ఊరుకోవడం కాదు, కాగితాలన్నీ ముందు పెట్టి అభిప్రాయం తీసుకోవడం. చిన్నాచితకా లోపాలు చూపించి ఎన్నికైన పాలకవర్గాన్ని కూల్చకూడదు. అధికారి రాజకీయ ఒత్తిడికి తలవంచకూడదు. ఈ మాటలు చెప్పడంతో ఆపలేదు. పాలకవర్గం బయట ఉన్న కాలాన్ని వాళ్లకు తిరిగి ఇవ్వమన్నది. రాష్ట్ర ప్రభుత్వం మీద లక్ష రూపాయలు, ఆ అధికారి మీద పదివేలు ఖర్చుల కింద వేసింది.

ఆ మధ్యలోనే రాజ్యాంగమూ మారింది. 97వ సవరణ 2012 ఫిబ్రవరి 15 నుంచి అమలులోకి వచ్చింది. సహకార సంఘం పెట్టుకోవడం ప్రాథమిక హక్కు అని 19వ అధికరణంలో రాశారు. పాలకవర్గాన్ని ఆరు నెలలకు మించి, సహకార బ్యాంకు అయితే ఏడాదికి మించి పక్కన పెట్టకూడదన్నారు. ప్రభుత్వ వాటా, అప్పు, సాయం, హామీ ఏదీ లేని సంఘం పాలకవర్గాన్ని అసలు రద్దు చేయకూడదన్నారు. అయితే సహకారం రాష్ట్రాల విషయం. సగం రాష్ట్రాల శాసనసభల ఆమోదం తీసుకోకుండా ఈ భాగం చేర్చారని 2021 జులై 20న సుప్రీంకోర్టు రాష్ట్ర సంఘాల వరకు దాన్ని కొట్టేసింది. ఒకటి కంటే ఎక్కువ రాష్ట్రాల్లో పనిచేసే సంఘాలకు అది ఉంది. 19వ అధికరణంలో చేర్చిన మాట మాత్రం అందరికీ నిలిచింది. ఆరు నెలలు, ఏడాది అన్న గడువు మన రాష్ట్ర సంఘాలకు రాజ్యాంగంలో లేదు. అది రాష్ట్ర చట్టం మీద ఆధారపడుతుంది.

తీసేయాల్సిన రోజు కూడా ఉంటుంది

ఇంతవరకు చదివి, పాలకవర్గం ఎప్పుడూ మంచిది, ప్రభుత్వం ఎప్పుడూ చెడ్డది అనుకోవద్దు. 2001లో సికింద్రాబాద్‌లో కృషి కో-ఆపరేటివ్ అర్బన్ బ్యాంకు మూతపడినప్పుడు జనం షట్టర్ల ముందు నిలబడటం మనలో చాలామందికి గుర్తుంది. ఆ వెంటనే చార్మినార్, ప్రుడెన్షియల్ సహకార బ్యాంకులు కూడా పడిపోయాయి. పింఛను డబ్బు, బిడ్డ పెళ్లి డబ్బు దాచుకున్నవాళ్లు ఏళ్లు తిరిగారు. 2019లో ముంబైలో పంజాబ్ అండ్ మహారాష్ట్ర సహకార బ్యాంకులో అదే జరిగింది. బ్యాంకును నడిపేవాళ్లే డబ్బు తినేస్తుంటే, మీరు ఎన్నికైనవాళ్లు గదా అని ఊరుకుంటే దాచుకున్నవాళ్లు ఏమైపోవాలి?

అందుకే 2020లో బ్యాంకింగ్ నియంత్రణ చట్టాన్ని సవరించారు. డిపాజిటుదారుల మేలు కోసం అవసరమైతే సహకార బ్యాంకు పాలకవర్గాన్ని రిజర్వు బ్యాంకే రద్దు చేయవచ్చు. మొత్తం అయిదేళ్లు దాటకూడదు. రాష్ట్రంలో రిజిస్టరైన బ్యాంకు అయితే రాష్ట్ర ప్రభుత్వ అభిప్రాయం అడగాలి. అదే ఏడాది ఫిబ్రవరిలో డిపాజిట్ ఇన్సూరెన్స్ ఒక లక్ష నుంచి 5 లక్షలకు పెరిగింది.

ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పాలి. మన సమాఖ్య బ్యాంకు కాదు. రిజర్వు బ్యాంకు మనల్ని చూడదు. మీరు సంఘంలో కట్టే పొదుపుకు ఆ 5 లక్షల ఇన్సూరెన్స్ లేదు. పైనుంచి వచ్చి తీసేసేవాళ్లు లేరంటే, పైనుంచి వచ్చి కాపాడేవాళ్లు కూడా లేరన్నమాట. మన కాపలా మనమే.

మరి మనం చేయాల్సింది

చదివిందంతా చూస్తే ఒకటి తేలింది. ఏ పాలకవర్గమైనా పడిపోవడానికి దారి దాదాపు ఎప్పుడూ మూడు చోట్లే మొదలవుతుంది: ఎన్నికలు సమయానికి జరగకపోవడం, ఆడిట్ ఆగిపోవడం, మినిట్స్ పుస్తకంలో లేని పని చేయడం. బయటివాళ్లకు సందు దొరికేది అక్కడే. లోపలివాళ్లు తప్పు చేసేది కూడా అక్కడే.

అందుకని సభ్యులందరికీ నా మనవి ఇది. ఎప్పుడైనా ఏ ఆఫీసు నుంచైనా నోటీసు వస్తే భయపడి దాచవద్దు, కోపంతో చించవద్దు. అందిన తేదీ రాసి, ఏ చట్టం, ఏ సెక్షన్ కింద ఇచ్చారో చూసి, పాలకవర్గంలో చదివి, గడువులోపల రాతలో జవాబు ఇవ్వాలి. పన్నా బ్యాంకు వాళ్లను చివరికి నిలబెట్టింది వాళ్లు సమయానికి ఇచ్చిన ఆ జవాబే. ఎవరైనా సమాఖ్యకు వాటాధనం ఇస్తామంటే, ఎంత అన్నదానికంటే ముందు, దాంతో పాటు ఏ పెత్తనం వస్తుందని అడగాలి. అప్పు వేరు, వాటా వేరు. అప్పు తీర్చేస్తే పోతుంది. వాటా కుర్చీ వేసుకుని కూర్చుంటుంది.

ఈ ఏడాది మన పాలకవర్గంలో కొందరి పదవీకాలం ముగుస్తుంది. పోయినసారి సర్వసభ్య సమావేశంలో కోరం కోసం గంటన్నర ఎదురుచూశాం. లాలాపేట నుంచి ఇద్దరిని ఆటోలో పిలిపించాల్సి వచ్చింది. పనికి పోవాలి, పిల్లలు స్కూలు నుంచి వస్తారు, నాకు తెలుసు. నేనూ ఆ కష్టంలోనే ఉన్నాను. కానీ పాడి రైతులు సుప్రీంకోర్టు దాకా పోయి నిలబెట్టుకున్న హక్కును మనం ఒక పూట కూలికి వదులుకోవద్దు.

ఆ చెల్లెకు నా జవాబు ఇది. మనల్ని ఒక్క కాగితంతో ఎవరూ తీసేయలేరు చెల్లె. చట్టం ఉంది, కోర్టు ఉంది, రాజ్యాంగం ఉంది. మన పాలకవర్గాన్ని తీసేయగలిగేది నువ్వే. మేము తప్పు చేస్తే తీసెయ్యి. అందుకోసమైనా మీటింగుకు రా.